ఆ తర్వాతి ఆరు దశాబ్దాలు

చిరంజీవికి ఆశీస్సులు.

మెక్సికో నటి సిల్వియా పినల్ మీద నువ్వు రాసిన వ్యాసం చేరింది. స్పెయిన్ దర్శకుడు బున్యుయేల్ తీసిన చిత్రాల గురించిన భాగం బాగుంది. చివరి పేజీకి వచ్చేసరికి మాత్రం కోపం ఆపుకోలేకపోయాను. “1965 తర్వాత ఆమె టీవీకి పరిమితమయ్యారు” అని ఒక్క వాక్యం రాసి వ్యాసం ముగించావు. 1931లో గ్వాయ్మాస్‌లో పుట్టి 2024 నవంబరులో కన్నుమూసిన మనిషి బతుకులో దాదాపు అరవై ఏళ్లు ఆ ఒక్క వాక్యం కింద పడి నలిగిపోయాయి.

“పరిమితం” అని ఎలా రాయగలిగావు? ఆమె సంగీత నాటకాలను సొంతంగా నిర్మించారు, వాటిలో ఆడారు, పాడారు. మెక్సికో కాంగ్రెస్ ఉభయ సభల్లోనూ సభ్యురాలిగా కూర్చున్నారు. దాదాపు ఎనభై ఏళ్ల వయసులో నటుల సంఘానికి నాయకురాలయ్యారు. తొంభై దాటాక కూడా రంగస్థలం ఎక్కారు. ఇక టీవీ సంగతి. 1985 సెప్టెంబరు భూకంపం మెక్సికో నగరాన్ని కూల్చేసిన తర్వాత, బాధితులకు సాయపడేందుకని మొదలైన ‘ముఖేర్, కాసోస్ దే లా విదా రేయాల్’ కార్యక్రమం 2007 దాకా నడిచింది. మామూలు ఆడవాళ్ల కష్టాలను, భర్తల చేతి దెబ్బలతో సహా, చిన్న కథలుగా నటింపజేసేవారు. ఒక్కొక్క కథనూ ప్రేక్షకుల ముందుకు తెచ్చింది ఆవిడే. ఆమె నటించిన బున్యుయేల్ చిత్రం ‘విరిదియానా’కు 1961లో కాన్ చలనచిత్రోత్సవంలో అత్యున్నత పురస్కారం పాల్మ్ డోర్ దక్కింది, నిజమే. కానీ స్పెయిన్‌లోనే దాన్ని 1977 దాకా ఆడనివ్వలేదు. ఆ టీవీ కార్యక్రమం మాత్రం ఇన్నేళ్లూ ఇంటింటికీ చేరింది. ఈ రెండో పని మొదటిదానికంటే చిన్నదని నీకు ఎవరు చెప్పారు?

నటి జీవితమంటే శిఖరమూ పతనమూ అనుకోవడం మన పత్రికలు అంటించిన జబ్బు. కుర్రతనంలో నేను ఒక ముసలి రంగస్థల నటి గురించి వారపత్రికకు రాశాను. చూపు మందగించాక కూడా ఆవిడ పక్క వీధి ఆడపిల్లలను కూర్చోబెట్టి, ముఖానికి అర్దళం ఎంత పలచగా పూయాలో, పద్యంలో ఊపిరి ఎక్కడ తీసుకుంటే రాగం తెగదో నేర్పేవారు. నా వ్యాసానికి ప్రాణం ఆ భాగమే. సంపాదకుడు సరిగ్గా దాన్నే కొట్టేసి, ఆవిడ పేదరికం మీద రెండు పేరాలు రాసుకురమ్మన్నాడు. రాయనన్నాను. ఆ పత్రిక మళ్లీ నా రచన వేయలేదు. ఇప్పటికీ ఆ మాట తలచుకుంటే ఒళ్లు మండుతుంది.

నీ వ్యాసంలోనూ ఆ కన్నీటి యావ కనబడుతోంది. 1982లో కారు ప్రమాదంలో పోయిన ఆమె కూతురికి నాలుగు పేరాలు ఇచ్చావు. ఆ అమ్మాయికి విరిదియానా అని తన చిత్రం పేరే పెట్టుకున్న తల్లి దుఃఖానికి నాలుగు వాక్యాలు చాలు. అంత దెబ్బ తిన్న మనిషి కొన్నేళ్లకే కెమెరా ముందు కూర్చుని ఇతరుల కష్టాలు వినిపించడం మొదలుపెట్టారు. నీ పేరాలు దానికివ్వు.

నటన గురించి రాసేటప్పుడు విశేషణాలు వద్దు, ఆమె ఏం చేసిందో చెప్పు. “అద్భుతంగా నటించారు” అని తొమ్మిదిచోట్ల రాశావు. తపస్వి సిమోన్ కథతో బున్యుయేల్ తీసిన ‘సిమోన్ దెల్ దెసియెర్తో’లో ఆమె సైతాను. గడ్డం పెట్టుకుని, గొర్రెపిల్లను ఎత్తుకుని, మంచి కాపరి వేషంలో సిమోన్ ముందుకు వస్తుంది. అతడు పోల్చుకునేసరికి ఆ గొర్రెపిల్లను కాలితో తన్నేస్తుంది. ఇంతే రాయి. మెక్సికో నటులు టిన్ టాన్‌తో, పేద్రో ఇన్ఫాంతేతో హాస్యచిత్రాల్లో ఆడి తేలిన నటికి ఆ తన్నులో లయ ఎక్కడి నుంచి వచ్చిందో పాఠకుడే పట్టుకుంటాడు. ఆ హాస్యచిత్రాలను నువ్వు తక్కువచేసి రాశావు కనుక నీకు దొరకలేదు.

ప్రచురణకర్తల గురించి అడిగావు. అది ఇంకో ఉత్తరంలో.

ముందు ఆ టీవీ కథల్లో కొన్ని చూడు. భాష రాకపోయినా, ఆవిడ మాట్లాడేటప్పుడు ముఖం చూడు. తర్వాత 1965 నుంచి మొదలుపెట్టి రెండో భాగం రాసి నాకు పంపు. మొదటి భాగాన్ని అప్పటిదాకా ముట్టుకోవద్దు.

శుభాకాంక్షలతో.