పంటు, బల్లకట్టు, రేవు: ఈ మాటలు ఎక్కడివి?

"ఫెర్రీకి సరైన తెలుగు మాట ఏది? పంటు తెలుగేనా, బల్లకట్టా, ఇంకేదైనా ఉందా?" అని అడిగారు. నేను భాషా పండితుణ్ణి కాను. కానీ మాది వశిష్ఠ గోదావరికి కోనసీమ వైపున్న ఊరు. ఇంటర్, డిగ్రీ కలిపి ఐదేళ్లు సఖినేటిపల్లి రేవు దాటి నర్సాపురం వెళ్లి చదువుకున్నాను. ఈ మాటలన్నీ పుస్తకంలో కంటే ముందు నీళ్ల మీదే విన్నాను. ఎక్కడి నుంచి వచ్చాయో వెతకడం మాత్రం తర్వాత పట్టుకున్న పిచ్చి.

ముందు పంటు సంగతి. పెద్ద పడవలను జోడించి, పైన చెక్కలు పరిచి, చుట్టూ కమ్మీలు పెడితే అదే పంటు. మనుషులు, సైకిళ్లు, మోటారుసైకిళ్లు, కొబ్బరికాయల వ్యాన్లు, పెళ్లివారి కార్లు అన్నీ దాని మీదే. ఓడలు బళ్లవుతాయి, బళ్లు ఓడలవుతాయి అనే సామెత మాకు వేదాంతం కాదు, బళ్లు ఓడెక్కడం రోజూ చూసేదే. "పంటు వెళ్లిపోయిందా?" అని పరిగెత్తుకొచ్చే వాళ్లలో అది పరాయి మాట అనుకున్నవాళ్లు ఒక్కరూ ఉండరు. కానీ అది ఇంగ్లీషు వాళ్ల "పంట్" అనే మాటే. అడుగు చదునుగా ఉండే పడవ అని అర్థం. వాళ్లకది లాటిన్ "పొంటో" నుంచి వచ్చింది. పాంటూన్ వంతెన అంటామే, అదీ ఆ మాట తోబుట్టువే.

మా అక్కను పల్నాడు వైపు ఇచ్చారు. పెళ్లయిన కొత్తలో బావగారు "బల్లకట్టు మీద వచ్చేశాం" అంటే నాకు అర్థం కాలేదు. బల్ల మీద రావడమేమిటి? తర్వాత కృష్ణ ఒడ్డుకు వెళ్లి చూస్తే అది అచ్చంగా మా పంటే! బల్లలు కట్టింది కాబట్టి బల్లకట్టు. ఇంతకంటే తేటతెలుగు మాట ఎక్కడ దొరుకుతుంది? రెండు నదుల మధ్య ఎంతో దూరం లేదు, వస్తువూ ఒక్కటే. ఒకచోట ఇంగ్లీషు మాట తెలుగైపోయింది, ఇంకోచోట తెలుగు మాటే నిలిచింది. ఇక విజయవాడ దగ్గర ఇబ్రహీంపట్నంలో అయితే ఆ చోటుకే "ఫెర్రీ" అని పేరు పడిపోయింది. "ఫెర్రీ దగ్గర దిగాలి" అని ఆటోవాళ్లకు చెప్తారు. అంటే ఆ ఇంగ్లీషు మాట కూడా మనకిప్పుడు ఊరి పేరే.

నాకు బాగా దెబ్బ తగిలింది చుక్కాని దగ్గర. పడవ వెనక కూర్చుని దారి తిప్పే కొయ్య. చిన్నప్పుడు మా తాతయ్య "చీకట్లో చుక్కను చూసి తిప్పుతారురా, అందుకే చుక్కాని" అని చెప్పేవాడు. ఎంత బాగుందో చూడండి. నలభై ఏళ్లు వచ్చేదాకా అదే నమ్మాను, ఇద్దరు ముగ్గురికి గొప్పగా చెప్పాను కూడా. తీరా చూస్తే అరబ్బీలో "సుక్కాన్" అంటే పడవను తిప్పే ఆ కొయ్యే. తమిళంలోనూ సుక్కాన్ అనే ఉంది. అరబ్బు నావికులు మన తీరాలకు సరుకుతో పాటు తెచ్చిన మాట అది. చుక్కకూ దానికీ ఏ సంబంధమూ లేదు. తాతయ్య లేడు కాబట్టి సరిపోయింది, ఉంటే ఒప్పుకునేవాడు కాదు.

ఒకసారి ఆ దారి పట్టాక పడవలో ఉన్న సగం మాటలు సముద్రం అవతలివే అని తేలింది. పడవ నడిపే సరంగు పారశీకంలోని "సర్‌హంగ్", అంటే దళానికి నాయకుడు. లంగరు కూడా అక్కడిదే. పడవ మీద పనిచేసే కళాసీకి మూలం అరబ్బీ. లాంచీ ఇంగ్లీషు "లాంచ్", ఇంగ్లీషుకు ఇచ్చింది స్పానిష్, పోర్చుగీసు భాషల "లాంచా". ఇంటి మాటలు లేవా అంటే ఉన్నాయి: పడవ, ఓడ, తెప్ప, గెడ, తెడ్డు. వంటింట్లో అన్నం కలిపే తెడ్డూ, నది మీద నీళ్లు తోసే తెడ్డూ ఒకటే మాట కావడం నాకు ఇష్టం. తెరచాపలో చాప ఉండటం కూడా చూడండి. నావ మాత్రం సంస్కృతం. ఇంగ్లీషు వాళ్ల నేవీ, నావిగేషన్ దానికి దూరపు చుట్టాలు. పడవ ఎక్కగానే కడుపులో తిప్పితే వాళ్లు "నాసియా" అంటారు, అదీ గ్రీకులో ఓడ అనే మాట నుంచి పుట్టిందే. వరద రోజుల్లో పంటెక్కిన వాళ్లకు వివరించక్కర్లేదు.

ఇక మీ అసలు ప్రశ్న. ఇంగ్లీషులో "ఫెర్రీ" అనే మాటకు మూలంలో అర్థం పడవ కాదు, మోసుకెళ్లడం. ప్రయాణానికిచ్చే "ఫేర్" కూడా ఆ కుటుంబమే. అంటే వాళ్లు చేసే పనికి పేరు పెట్టారు. మనవాళ్లు చోటుకు పెట్టారు. మా వైపు ఎవరూ "ఫెర్రీ ఎక్కాను" అన్నట్టు మాట్లాడరు. "రేవు దాటాలి", "రేవులో గంట పట్టింది", "ఈసారి రేవు పాట ఎవరికొచ్చింది?" అంటారు. పాట అంటే వేలం పాట, అది పాడుకున్నవాడే ఆ ఏడాది పంటు నడుపుతాడు. కోనసీమలోనే ఓడలరేవు అనే ఊరుంది. దాటే చోటునుబట్టి పేరు పెట్టడం మనకే ఉన్న అలవాటు కాదులెండి, ఇంగ్లండులో ఆక్స్‌ఫర్డ్ అంటే ఎద్దులు దాటే రేవే.

సంస్కృతంలో రేవుకు మాట తీర్థం. దాటడం అనే ధాతువు నుంచి వచ్చింది. గుళ్లో చేతిలో పోసే తీర్థం, తరించడం, దిగిరావడం అనే అర్థమున్న అవతారం, అన్నీ అందులోంచి పుట్టినవే. జైనుల తీర్థంకరుడంటే రేవు కట్టినవాడు. పారంగతుడు అంటే పారం, అంటే అవతలి ఒడ్డు, చేరినవాడు.

ఇది నాకు డిగ్రీ ఆఖరి సంవత్సరం పరీక్షనాడు తెలిసి ఉంటే నవ్వుకునేవాణ్ణేమో. ఆ రోజు ఆటు వేళ నీరు బాగా తీసేసి, పంటు నర్సాపురం ఒడ్డుకు నాలుగు బారల దూరంలో బురదలో కూర్చుంది. కళాసీలు గెడలు వేసి తోస్తున్నారు, కదలదు. నా టెన్షన్ చూసి ఒక పెద్దాయన "దూకెయ్ బాబూ, మోకాలి లోతే" అన్నాడు. చెప్పులు చేత్తో పట్టుకుని దిగాను. మోకాలి లోతు కాదు, నడుం లోతు. హాల్ టికెట్ నెత్తిన పెట్టుకుని, తడి ప్యాంటుతోనే మూడు గంటలు రాశాను. ఫలితాలొచ్చిన రోజు నాన్న "ఏమైందిరా?" అంటే "గట్టెక్కాను నాన్నా" అన్నాను. పేపర్లో నా నెంబరు ఉత్తీర్ణుల జాబితాలో ఉంది. ఉత్తీర్ణుడంటే కూడా దాటి అవతలికి చేరినవాడనే.

కాబట్టి మీరు ఏదైనా అనువాదం చేస్తుంటే కొత్త మాట కల్పించకండి. గోదావరి కథైతే పంటు, కృష్ణ కథైతే బల్లకట్టు, చోటు గురించైతే రేవు. దాటించినందుకు ఇచ్చే డబ్బుకు కూడా పాత తెలుగులో చిన్న మాటొకటి ఉంది, కేవు. ఇప్పుడెవరూ అనట్లేదు, మా రేవులో కూడా "టికెట్టు" అనే అంటారు. ఎక్కడైనా వీలైతే దాన్ని వాడండి.