ఇరవై మంది ఊరికి వెళ్తున్న అమ్మాయికి

చిరంజీవి అమ్మలుకి పెద్దమ్మ ఆశీస్సులు.

"జనాభా లెక్కల్లో ఆ ఊరికి ఇరవై మందే ఉన్నారు, అక్కడ ఎలా ఉంటాను పెద్దమ్మా?" అని రాశావు. కెనడాలోని సస్కాచెవాన్‌ రాష్ట్రంలో అలాంటి పల్లెలోనే పద్దెనిమిదేళ్లు కాపురం చేశాను. నిక్షేపంగా వెళ్లు. కాకపోతే ఆ అంకె వెనకాల ఏముందో తెలుసుకుని వెళ్లు.

మన పంచాయతీ కింద శివారు గ్రామం ఉంటుందే, అక్కడ రూరల్ మునిసిపాలిటీ కింద హ్యామ్లెట్ అలాంటిది. రైతు గుర్రబ్బండి మీద గోధుమలు తోలుకెళ్లి పొద్దుగూకేలోగా ఇల్లు చేరాలి కదా, అందుకని రైలు దారి పొడవునా ఎనిమిది పది మైళ్లకొక ధాన్యం ఎలివేటరు, అంటే గింజలు నిల్వచేసి రైలుకెక్కించే ఎత్తైన గోదాము, లేచింది. దాన్ని ఆనుకుని ఓ కొట్టు, బడి, చర్చి, పదిళ్లు. తర్వాత లారీలు వచ్చాయి, చిన్న రైలు దారులు పీకేశారు. 1936లో ఆ రాష్ట్రంలో 1,42,000 పైచిలుకు కమతాలుండేవి. 2021కి సుమారు 34,000 మిగిలాయి. నాలుగు కుటుంబాలు చేసిన సేద్యం ఇప్పుడు ఒక్క కుటుంబమే చేస్తోంది. ఊరు చెడిపోయి జనం పోలేదమ్మా, పని తగ్గి పోయారు.

ఇంకో సంగతి. వయసుల పట్టికలో అంకెలన్నీ 0తోనో 5తోనో ముగుస్తాయి, గమనించావా? మనుషుల వివరాలు బయటపడకూడదని అలా సవరిస్తారు. ఇద్దరు పిల్లలున్న ఊరికి సున్నా అనీ రావచ్చు. పిల్లలే లేరట అని బెంగపడకు. పైగా మైలు, రెండు మైళ్ల అవతల పొలాల్లో ఉండేవాళ్లు ఆ ఇరవైలో లేరు. ఊరి హాల్లో విందు పెట్టిన రోజు చూడు, కుర్చీలు చాలవు.

చలి విషయంలో మాత్రం నా మాట తప్పకుండా విను. కారు ముందు జాలీలోంచి వేలాడే ప్లగ్గు ఇంజన్ హీటరుది. మైనస్ 15 దాటితే తెల్లవారుజామున మూణ్ణాలుగు గంటలైనా కరెంటుకు పెట్టి ఉంచు. కారులో దుప్పటి, పార, కొవ్వొత్తులు, అగ్గిపెట్టె ఎప్పుడూ ఉండాలి. మంచులో దిగబడితే కారు దిగి నడవొద్దు. పొగ గొట్టానికి అడ్డుపడ్డ మంచు తీసెయ్, కిటికీ అంగుళం దించు, గంటకు పది నిమిషాలే ఇంజన్ వెయ్యి. మొదటి జనవరిలో నేను కంకర రోడ్డు పక్క కాలవలోకి జారిపోయాను. రాత్రి ఎనిమిదైనా మా వంటింటి దీపం వెలగలేదని చూసిన ఎదురింటాయన ట్రాక్టరేసుకుని వెతుక్కుంటూ వచ్చాడు. ఇరవై మంది ఊళ్లో ఒక దీపం వెలక్కపోతే తెలిసిపోతుంది. ఊరు వదిలి రెండ్రోజులు ఎటైనా వెళ్తే పక్కింట్లో చెప్పి వెళ్లు, లేకపోతే పాపం కంగారు పడతారు.

ఎదురొచ్చే బండివాళ్లు స్టీరింగు మీంచి ఒక వేలెత్తుతారు. అదే పలకరింపు, నువ్వూ ఎత్తు. శీతాకాలం ముందు హాల్లో టర్కీ కోడి విందు ఉంటుంది, తప్పక వెళ్లు, ఉత్త చేతుల్తో వెళ్లకు. నేను మొదటిసారి మైసూరు పప్పు చేసి తీసుకెళ్లాను, ఇంగువ తాలింపుతో. ఓ పెద్ద రైతు రెండోసారి గిన్నె పట్టుకొచ్చి ఇదేమిటమ్మా అన్నాడు. మీ చేలోదే అన్నాను. ఇరవయ్యేళ్లుగా పండించి మన దేశానికి ఎగుమతి చేసిన మనిషి, అన్నంలో కలుపుకు తినడం అదే మొదలట. పళ్లెంలో మిగిలిన పప్పును వేలితో తుడుచుకుని తిన్నాడు. ఆ తర్వాత ఏటా ఓ బస్తా మా వరండాలో పెట్టి వెళ్లేవాడు.

వారం వారం సరుకులకని సస్కటూన్ నగరానికి పరుగెత్తొద్దు. పాలూ బ్రెడ్డూ దగ్గరి కొట్లోనే కొను, అది మూతపడితే ముసలివాళ్లకు చాలా కష్టం. అద్దె ఇంటికి బోరు నీళ్లయితే పరీక్ష చేయించకుండా తాగకు. జనాభా లెక్కల కాగితం వచ్చినప్పుడు నగరంలో ఉన్న స్నేహితురాలి చిరునామా రాయకు, నువ్వుండే ఊరే రాయి. ఇరవైకి నువ్వొక్కదానివి కలిస్తే వందకు అయిదుగురు పెరిగినట్టు.

సెప్టెంబరులోపే చేరు. పప్పు ఇక్కణ్ణుంచి మోసుకెళ్లకు. చింతపండు, ఇంగువ మాత్రం మర్చిపోకు.

మీ పెద్దమ్మ