ఒకటో తరగతి పాపకు కంప్యూటర్ ఆటలు పెట్టవచ్చా? మా బడిలో నేను చూసింది

పాప ఒకటో తరగతి, ఇంట్లో పాత ల్యాప్‌టాప్ ఖాళీగా ఉంది, చదువుకు పనికొచ్చే ఆటలు పెట్టవచ్చా, పెడితే ఏవి అని అడిగారు. నేను ప్రాథమిక పాఠశాల టీచర్‌ని. దాతలు ఇచ్చిన మూడు పాత కంప్యూటర్లతో ఆరేళ్ళుగా మా పిల్లల చేత ఇవి ఆడిస్తున్నాను. పెట్టవచ్చండి. కాకపోతే పక్కన మీరు కూర్చోగలిగితేనే పెట్టండి.

మొదట్లో మా దగ్గర ఒక లెక్కల సీడీ ఉండేది. తెర మీద కూడిక వస్తుంది, కింద మూడు జవాబులు ఉంటాయి. ఒప్పు నొక్కితే చప్పట్లు, తప్పు నొక్కితే మళ్ళీ ప్రయత్నించమంటుంది. రెండో తరగతి అబ్బాయి ఒకడు పది నిమిషాల్లో ఇరవై లెక్కలు పూర్తి చేస్తే ఎంతో సంతోషపడ్డాను. మర్నాడు పలక మీద 8+5 వేసి ఇచ్చాను. చేయలేకపోయాడు. ఆ రోజు వాడు ఆడుతుంటే వెనక నిలబడి చూశాను. లెక్క చదవడమే లేదు. మొదటి గడి, రెండో గడి, మూడో గడి, చప్పట్లు వినిపించేదాకా వరసగా నొక్కుకుంటూ పోతున్నాడు. వాడిని ఏమని అంటాం? ఆ ఆట వాడికి నేర్పింది అదే.

అప్పటి నుంచి ఏ ఆటయినా ముందు నేను ఆడతాను. ఆడుతూ కావాలనే తప్పులు చేస్తాను. తప్పు చేసినప్పుడు ఆట ఏం చూపిస్తుందో అదే నాకు ముఖ్యం. ఉత్త ఎర్ర గుర్తు, ఒక బుయ్ మనే శబ్దం తప్ప ఏమీ రాకపోతే దాన్ని పక్కన పెట్టేస్తాను.

మీకు నేను మొదట చెప్పేది జీకాంప్రి (GCompris) అనే ఆటల సాఫ్ట్‌వేర్. ఫ్రాన్స్‌లో బ్రూనో కుద్వాన్ అనే ఆయన 2000లో మొదలుపెట్టారు. ఫ్రెంచిలో ఆ పేరు పలికితే 'నాకు అర్థమైంది' అన్నట్టు వినిపిస్తుంది. రెండేళ్ళ నుంచి పదేళ్ళ పిల్లల దాకా సరిపోయే ఆటలు అందులో వందకు పైగా ఉన్నాయి. పూర్తిగా ఉచితం, ప్రకటనలు రావు. ఒకసారి ఎక్కించుకుంటే నెట్ లేకుండా నడుస్తుంది. ఫోన్లో దొరికే ఉచిత ఆటలతో నాకున్న పెద్ద బాధ ప్రకటనలే. ఆట మధ్యలో ఏదో వస్తుంది, పిల్ల దాని మీద నొక్కి ఇంకెక్కడికో వెళ్ళిపోతుంది.

జీకాంప్రిలో నాకు బాగా నచ్చింది తక్కెడ ఆట. ఒక పళ్ళెంలో బరువు ఉంటుంది, రెండో పళ్ళెంలో మనం రాళ్ళు వేసి సరితూచాలి. తప్పు వేస్తే పళ్ళెం ఒరిగిపోతుంది. ఎక్కువైందో తక్కువైందో పిల్లలకే కనబడుతుంది, ఇంకొకరు చెప్పక్కర్లేదు. మా బడిలో లెక్కలంటే నోరు విప్పని పాప ఒకతె ఆ ఆట దగ్గర కూర్చుని, "టీచర్, ఇంకా మూడు కావాలి" అంది. మూడు అని ఆ పాపకు ఎవరూ చెప్పలేదు. అంతకుముందు చింతపిక్కలు పెట్టి నెల రోజులు చెప్పినా ఆ మాట నాకు వినిపించలేదు. ఆ తర్వాత మళ్ళీ చింతపిక్కల దగ్గరకే తీసుకెళ్ళాను, ఈసారి పిక్కలతో కూడా చెప్పగలిగింది. తెర మీద వచ్చినది చేతిలోకి కూడా రావాలి కదా, అందుకని.

టక్స్‌మ్యాథ్ అని ఇంకొకటి ఉంది. పై నుంచి తోకచుక్కలు లెక్కలు మోసుకుంటూ పడుతుంటాయి, జవాబు కొట్టి ఎంటర్ నొక్కితే పెంగ్విన్ వాటిని పేల్చేస్తుంది. ఎక్కాలు వచ్చిన నాలుగో తరగతి పిల్లలు దాన్ని వదలరు. మీ పాపకు మాత్రం ఇప్పుడే వద్దు. నేను ఒకసారి తొందరపడి రెండో తరగతి పిల్లలకు పెట్టాను. వేళ్ళు లెక్కపెట్టుకునేలోపే చుక్క కిందికి వచ్చేస్తుంటే ఒక పాప టెన్షన్ తట్టుకోలేక ఏడ్చేసింది. వచ్చిన లెక్కను వేగంగా చేయడానికి ఆ ఆట మంచిది, రాని లెక్కను అది నేర్పదు.

బొమ్మలకు టక్స్ పెయింట్ పెట్టండి, అదీ ఉచితమే. గీసి ఊరుకోనివ్వకుండా ఆ బొమ్మ గురించి చెప్పమనండి, పాప చెప్పింది మీరు కాగితం మీద రాసి చదివించండి. తన మాటలే కాబట్టి ఒత్తులున్నా ఇష్టంగా చదువుతుంది.

ఇంకో సంగతి. ఆటలో గొంతు ఇంగ్లీషులో వస్తుంటే థర్టీన్, థర్టీ పిల్లలకు ఒకేలా వినిపిస్తాయి. 13 బదులు 30 కొడతారు, లెక్క రాలేదని మనం అనుకుంటాం. మన పదమూడులో పది, మూడు రెండూ వినిపిస్తాయి. అందుకని నేను శబ్దం తగ్గించి అంకెలు తెలుగులో పలికిస్తాను. ఇంగ్లీష్ మీడియం అయినా సరే ఇంట్లో ఇలా చేయండి.

మూడే కంప్యూటర్లు ఉన్నాయి కాబట్టి మా దగ్గర ఒక్కో దానికి ఇద్దరు కూర్చుంటారు. మొదట అది లోటు అనుకున్నాను. ఇప్పుడు ఇంకో మూడు ఇచ్చినా ఇద్దరినే కూర్చోబెడతాను. ఒకరు మౌస్ పడితే రెండోవారు "అది కాదు, ఎందుకంటే..." అంటారు. ఆ ఎందుకంటే నాకు కావాలి. గుజరాత్‌లోని వడోదరలో ప్రథమ్ అనే స్వచ్ఛంద సంస్థ నాలుగో తరగతి పిల్లలకు వారానికి రెండు గంటలు, ఇలాగే ఇద్దరికొక కంప్యూటర్‌తో లెక్కల ఆటలు ఆడించింది. లెక్కల్లో పిల్లలు బాగా మెరుగుపడ్డారని ఆర్థికవేత్తలు అభిజిత్ బెనర్జీ, ఎస్తేర్ డఫ్లో వాళ్ళ అధ్యయనం 2007లో అచ్చయింది. ఆటలు ఆగిపోయిన ఏడాదికి ఆ మెరుగు చాలావరకు తగ్గిపోయిందని కూడా అందులోనే ఉంది. గుజరాత్‌లోనే లీ లిండెన్ అనే ఆర్థికవేత్త చేసిన ఇంకో అధ్యయనంలో, టీచర్ పాఠం చెప్పే సమయాన్ని తీసి కంప్యూటర్‌కు ఇచ్చినచోట పిల్లలు వెనకబడ్డారు, బడి వేళ కాని సమయంలో అదనంగా ఆడించినచోట ముందుకొచ్చారు. అందుకే నేను పాఠం పీరియడ్‌లో కంప్యూటర్ తీయను. మీరూ పాప పుస్తకం చదివే వేళ, బయట ఆడుకునే వేళ దీనికి ఇవ్వకండి.

రోజుకు ఇరవై నిమిషాలు చాలు. మొదటి వారం లెక్కల జోలికి పోకుండా, జీకాంప్రిలో మౌస్ కదిపితే పై పొర చెరిగిపోయి కింద బొమ్మ కనిపించే ఆట పెట్టండి. చేయి కుదరకముందే లెక్క పెడితే ఏది రాక తప్పు చేసిందో మనకు తెలియదు. వరసగా మూడుసార్లు ఆలోచించకుండా నొక్కిందంటే అలసిపోయినట్టే, అక్కడితో మూసేయండి. పక్కన కూర్చున్నప్పుడు మౌస్ మాత్రం మీరు పట్టుకోకండి, ఎంత ఆలస్యమైనా.

పాప ఇప్పుడు ఎంతవరకు లెక్కపెట్టగలదో, ఎక్కడ ఆగిపోతోందో రాయండి. దానికి సరిపోయే ఆట జీకాంప్రిలో ఏ వరుసలో ఉందో చూసి చెబుతాను.