కలలు తినే జీవి కథ రాస్తున్న తమ్ముడికి

తమ్ముడూ,

నీ రాతప్రతి చదివాను. కలల్నీ జ్ఞాపకాల్నీ తిని బతికే పరాన్నజీవి అన్న ఊహ గట్టిది, దాన్ని వదులుకోకు. బిడ్డను పోగొట్టుకున్న తల్లిని దానికి ఎరగా ఎంచుకున్నావు చూడు, అక్కడ నీలోని రచయిత నాకు కనిపించాడు. అందుకే ఇంత పెద్ద ఉత్తరం రాస్తున్నాను.

నీ కథలో ఆ జీవి ఒక్క రాత్రిలో ఆమెను ఖాళీ చేసేసింది. తెల్లారి లేచేసరికి పేరు తెలియదు, భర్త ఎవరో తెలియదు. అది వేటాడే మృగం చేసే పని. పరాన్నజీవి అసలు జోలికి పోకుండా వడ్డీ తింటూ కూర్చునే రకం. తన పని అయ్యేదాకా ఆశ్రయమిచ్చిన ఒళ్లు నడుస్తూ ఉండాలి, నలుగురిలో మామూలుగా కనబడాలి. టాక్సోప్లాస్మా అనే ఏకకణజీవి సోకిన ఎలుకల్ని పరీక్షించినవాళ్లకు కనబడింది ఇదే. తిండి, తిరుగుడు అన్నీ దాదాపు ఎప్పటిలాగే ఉంటాయి, పిల్లి వాసనంటే పుట్టుకతో వచ్చిన భయం మాత్రం సడలుతుంది. ఆ జీవి సంతానోత్పత్తి పూర్తయ్యేది పిల్లి పేగుల్లో మరి. కీచురాళ్ల కడుపులో వెంట్రుకలా పొడుగ్గా పెరిగే పురుగు ఒకటుంది. దాని తర్వాతి తరం పుట్టాల్సింది నీళ్లలో కాబట్టి, సమయం వచ్చినప్పుడు ఆ కీచురాయి తనంతట తానే పోయి నీళ్లలో దూకుతుంది. ప్రతి వింత ప్రవర్తన వెనకా ఒక అవసరం ఉంది. నీ జీవి అవసరమేమిటో నీ కథలో ఎక్కడా లేదు. పాఠకుడికి చెప్పకపోయినా ఫరవాలేదు, నీకు మాత్రం తెలిసి తీరాలి.

దాని రూపం మీద రాసిన పేజీ మొత్తం తీసేయ్. కాళ్లెన్ని, రంగేమిటి అన్నది ఈ కథకు అక్కర్లేదు.

నిద్ర గురించి. నీ జీవి నడిరాత్రి మేల్కొంటోంది. కనుగుడ్లు వేగంగా కదిలే నిద్రను, కలలు దట్టంగా వచ్చే ఆ దశను, అసెరిన్‌స్కీ, క్లైట్‌మన్ అనే శాస్త్రవేత్తలు 1953లో లోకానికి తెలియజేశారు. సుమారు 90 నిమిషాలకోసారి అది తిరిగి వస్తుంది, తెల్లవారుజాము దగ్గరపడేకొద్దీ దాని నిడివి పెరుగుతుంది. కాబట్టి నీ జీవికి విందు వేకువన. అప్పుడు అది ఏం చేస్తుంది? ఆమెను ఇంకాసేపు పడుకోబెడుతుంది. ఏళ్లుగా కంటిమీద కునుకు లేని తల్లి హాయిగా పొద్దెక్కేదాకా నిద్రపోతోందని ఇంట్లోవాళ్లు సంతోషిస్తారు. నాకు భయం వేసేది ఆ సంతోషం చూసి.

జ్ఞాపకం దగ్గర కొంచెం ఆగుదాం, నీ కథ ప్రాణం అక్కడుంది. హెన్రీ మొలైసన్ అనే ఆయనకు మూర్ఛ తగ్గించడానికి 1953లో మెదడుకు శస్త్రచికిత్స చేసి, కొత్త జ్ఞాపకాలు నిలవడానికి కీలకమైన హిప్పోక్యాంపస్ అనే భాగాన్ని రెండువైపులా చాలావరకు తీసేశారు. ఆ తర్వాత జరిగిన సంగతులేవీ ఆయనకు నిలవలేదు. అయినా అద్దంలో చూస్తూ నక్షత్రం బొమ్మ గీయడం సాధన చేయిస్తే, రోజురోజుకూ చెయ్యి కుదురుకుంది. ముందురోజు గీసిన సంగతి మాత్రం ఆయనకు తెలియదు. అంటే జ్ఞాపకమన్నది ఒకే ముద్ద కాదు. నీ జీవి ఏది తింటుంది, ఏది వదిలేస్తుంది? బిడ్డను జోకొట్టిన సంగతి పోయి, జోకొట్టే చెయ్యి మిగిలితే? ఆమె ఖాళీ పరుపు మీద చెయ్యి ఆడిస్తూ ఉంటుంది, ఎందుకో ఆమెకే తెలియదు.

2000లో నాదర్, షాఫే, లెడూ అనే శాస్త్రవేత్తలు ఎలుకల మీద చేసిన ప్రయోగం గురించి తప్పకుండా చదువు. గట్టిపడిన భయం కూడా తిరిగి గుర్తుకొచ్చిన వేళ కాసేపు మెత్తబడుతుందనీ, మెదడులో మళ్లీ కొత్తగా భద్రపడాల్సి వస్తుందనీ, ఆ సమయంలో అడ్డుపడితే చెరిగిపోవచ్చనీ అందులో తేలింది. నీ జీవి లోపలికి దూరే సందు అదే అనుకో. తలచుకున్నదాన్నే అది తినగలదు. ఎప్పుడూ తలచుకోని చిల్లర సంగతులన్నీ భద్రంగా ఉంటాయి. రోజూ తలచుకునే బిడ్డ నవ్వు ముందు పోతుంది. నవ్వు మసకబారుతోందని ఆమెకు అనుమానం తగిలి ఇంకా గట్టిగా, ఇంకా తరచుగా తలచుకుంటుంది. దానికి కావలసింది అదే. నిజం తెలిసిననాడు ఆమె ముందు ఒకే దారి ఉంటుంది: బిడ్డను దక్కించుకోవాలంటే బిడ్డను తలచుకోకూడదు. తమ్ముడూ, ఏ తల్లి వల్ల అవుతుంది అది? నీ కథంతా ఆ ప్రశ్న చుట్టూ తిరగాలి.

"నాకేమీ గుర్తు రావడం లేదు" అని ఆమె చేత ఏడిపించావు. ఆ వాక్యం కొట్టేయ్. బీ1 విటమిన్ తీవ్రంగా లోపించడం వల్ల వచ్చే కోర్సకాఫ్ జబ్బులో, రోగులు మరుపు పడ్డచోట లేని సంగతులు అల్లి చెబుతుంటారు. అబద్ధమాడాలని కాదు, అవి నిజంగా జరిగాయనే నమ్ముతారు. పోయిన చోటు పోయినవాళ్లకు కనబడదు. కాబట్టి ఆమె మరిచిపోయిందని నువ్వు చెప్పొద్దు, ఆమెనూ చెప్పనివ్వొద్దు. బిడ్డ తొలి అడుగు వేసిన రోజును ఆమె నోట మూడు చోట్ల చెప్పించు. మొదటిసారి వాన పడుతోంది, భర్త గుమ్మంలో ఉన్నాడు. రెండోసారి వాన లేదు. మూడోసారి గుమ్మంలో ఎవరో బంధువు, ఆ బిడ్డ వేరెవరి బిడ్డో. గొంతులో తడబాటు ఎక్కడా ఉండకూడదు. భర్త వింటూ ఉంటాడు, సరిదిద్దడు. ఎందుకు సరిదిద్దడో నువ్వే తేల్చుకోవాలి. నన్నడిగితే, ఆమె నొప్పి తగ్గుతోందని అతనికి తెలుసు.

నీ జీవి ఒకరి నుంచి ఒకరికి ఎలా పాకుతుందో నువ్వు రాయలేదు. గాలి, రక్తం లాంటివి వద్దు. ఎవరైనా తన జ్ఞాపకాన్ని మరొకరికి చెప్పుకున్నప్పుడు పాకుతుందని అనుకుని చూడు. అప్పుడు బిడ్డ గురుతులు తనతో పోకూడదని ఆమె చిన్నకూతురికి అన్నీ చెప్పే ఘట్టం వేరుగా నడుస్తుంది, నీ ముగింపు కూడా మారుతుంది. ముందు భర్త వైపు నుంచి ఆ ఘట్టం రాసి పంపు. మిగతా కథ తర్వాత దిద్దుకోవచ్చు.

ఆశీస్సులతో,
నీ అన్నయ్య