గ్రిగ్స్ సెక్రటరీ అయిన మా అమ్మడికి

చిరంజీవి అమ్మడికి,

మావయ్య ఆశీస్సులు. ఇక్కడ మేమంతా క్షేమం.

నిన్న రాత్రి మీ అమ్మ ఫోన్ చేసింది. ఈ ఏడు మీ జోన్ గ్రిగ్స్ ఆటల పోటీలు మీ స్కూల్లోనే జరుగుతున్నాయని, సెక్రటరీ బాధ్యత నువ్వే తీసుకున్నావని చెప్పింది. మీ అత్తయ్య నిద్రపోతుంటే లేపి మరీ చెప్పాను. ఉద్యోగంలో చేరి మూడేళ్ళు కాలేదు. అన్ని స్కూళ్ళ ఆటల మాస్టార్లు, అదే పీడీలు, పీఈటీలు, కూర్చున్న మీటింగులో ఒక ఆడపిల్ల లేచి "నేను చేస్తాను" అనడం నా సర్వీసు మొత్తంలో నేను చూడలేదు. చాలాసేపు ఆ సంతోషంతోనే నిద్ర పట్టలేదు. తెల్లవారుజామున పట్టకపోవడానికి మాత్రం కారణం వేరు. ఫోన్ పెట్టేసే ముందు మీ అమ్మ ఇంకో మాట అంది. "గడువు దాటితే ఒక్క ఎంట్రీ కూడా తీసుకోదట అన్నయ్యా, చాలా స్ట్రిక్టుగా ఉంటానంటోంది" అని. ఈ ఉత్తరం ఆ మాట కోసమే. ఫోన్లో చెబితే "సరే మావయ్యా" అని పెట్టేస్తావు.

నీకు తెలిసినవి ముందు గబగబా చెప్పేస్తాను. కోర్టులు రెండు రోజుల ముందే వేయించు, సున్నం మాత్రం ఆ ఉదయమే పోయించు, మంచుకి తడిసి చెదిరిపోతుంది. ఖోఖో కోర్టు 27 మీటర్లు, 16 మీటర్లు అని నీకు నేను చెప్పక్కర్లేదు. కానీ మూల నుంచి ఎదుటి మూలకి కూడా టేపు పట్టు, 31 మీటర్ల 38 సెంటీమీటర్లు రావాలి. రాకపోతే కోర్టు ఒక పక్కకి వాలినట్టే. వయసులు డిసెంబరు 31 నాటికి లెక్క, సర్టిఫికెట్లు ముందురోజే చూసేయండి, మ్యాచ్ మధ్యలో తగువులు వద్దు. మంచినీళ్ళు, మజ్జిగ, ఫస్ట్ ఎయిడ్, ఆడపిల్లలకి బట్టలు మార్చుకోవడానికి తలుపు గడియ సరిగ్గా పడే గది. గడియ నువ్వే వేసి చూడు, అటెండరు మాట నమ్మకు.

ప్రారంభం రోజున ఎవరో ఒక పిల్లాడు "మేడం, గ్రిగ్స్ అంటే ఏంటి?" అని అడుగుతాడు. తెలీదని తప్పించుకోకు. గ్రిగ్ అనేది ఒక ఇంగ్లీషు దొర పేరు. మద్రాసు ప్రెసిడెన్సీ విద్యాశాఖకి డైరెక్టరుగా చేశాడు. నీలగిరి జిల్లా మీద 1880లో వచ్చిన పెద్ద మాన్యువల్ రాసింది ఆయనే. ఆయన పేరు మీద హైస్కూళ్ళకి పెట్టినవే గ్రిగ్ మెమోరియల్ పోటీలు. 1953లో మనం మద్రాసు నుంచి విడిపోయాం. 1954లో స్కూల్ గేమ్స్ ఫెడరేషన్ పుట్టింది. అండర్ 14, అండర్ 17 అని కాగితాల మీద పేర్లన్నీ మారిపోయాయి. అయినా మన కోస్తా ఊళ్ళలో పిల్లలు ఇప్పటికీ "గ్రిగ్స్‌కి సెలెక్టయ్యాను" అనే ఇంటికి పరిగెత్తుకొస్తారు. మా నాన్న నోట ఆ మాట విన్నాను, నీ నోటా విన్నాను. ఏడో తరగతిలో మోచిప్ప చెక్కుకుపోయి రక్తం కారుతుంటే, అది చూపించడం మానేసి ఆ మాటే చెప్పావు. ఆ రోజు నువ్వేసుకున్న ఆకుపచ్చ లంగా కూడా నాకు గుర్తుంది.

ఇక అసలు విషయం. ఏ స్కూలు ఏ జోన్‌లోది అనేది చూడ్డానికి చిన్న సంగతే. కానీ మొదటి నుంచీ తగువులన్నీ అక్కడే. నేను చదువుకునే రోజుల్లో తాలూకా లెక్క. అమలాపురం, రాజోలు, కొత్తపేట వాళ్ళు ఎవరి జట్టు వాళ్ళు. 1985లో తాలూకాలు పోయి మండలాలు వచ్చాయి. ఏళ్ళ తరబడి ఒకే షీల్డు కోసం కొట్టుకున్న రెండు స్కూళ్ళు తెల్లారేసరికి వేరే వేరే మండలాల్లో ఉన్నాయి. కొందరు హెడ్‌మాస్టర్లు పాత జోన్ వదిలేది లేదన్నారు, కొందరు దగ్గరగా ఉన్నదే కావాలన్నారు. ఆ గొడవ తేలకముందే కొత్త హైస్కూళ్ళు మొదలయ్యాయి. ఏటా జూన్‌లో ఎక్కడో ఒక అప్పర్ ప్రైమరీ స్కూలు హైస్కూలయ్యేది. ఆ స్కూలుకి గ్రౌండు ఉండదు, పీఈటీ పోస్టు ఉండదు, సర్క్యులర్ చేరదు. మన లిస్టులో దాని పేరు ఎవరు రాయాలి? సెక్రటరీ రాయాలి. ఇది నాకు అప్పుడు తెలియలేదు.

1988లో నేను మొదటిసారి సెక్రటరీని. నీలాగే స్ట్రిక్టుగా ఉండాలనుకున్నాను. అంతకుముందు ఏడు ఆఖరి నిమిషంలో ఎంట్రీలు తీసుకుని ఫిక్చర్లు, అంటే ఎవరు ఎవరితో ఆడాలనే పట్టిక, గందరగోళం చేశారని అందరూ తిట్టుకున్నారు, నా హయాంలో అలా జరగకూడదని పంతం. సభ్యత్వం రుసుం, ఎంట్రీ ఫారం శుక్రవారం సాయంత్రంలోగా అందాలని సర్క్యులర్ కొట్టించాను. సోమవారం పొద్దున్న మొదటి మ్యాచ్.

ఆ సోమవారం తొమ్మిదిన్నరకి గేటులోంచి పన్నెండు మంది ఆడపిల్లలు, వాళ్ళ వెనక ఒక మాస్టారు వచ్చారు. అందరి పాదాలకీ చీలమండల దాకా ఒండ్రు మట్టి, ఎండి పెళ్ళలుగా రాలుతోంది. గోదావరి మధ్యలో ఉన్న ఒక లంక ఊరి స్కూలు. నావ దాటి, గట్టు మీద నడిచొచ్చారు. స్కూలు ఆ జూన్‌లోనే హైస్కూలయింది. వచ్చినాయన డ్రిల్ మాస్టారు కూడా కాదు, తెలుగు పండితుడు. ఖోఖో నియమాలు ఎవరి దగ్గరో అడిగి నోటుబుక్కులో రాసుకుని నేర్పించాడట. ఫారం నింపి చేత్తో పట్టుకొచ్చాడు.

నేను లిస్టు చూశాను. ఆ స్కూలు పేరు లేదు. "గడువు శుక్రవారంతో అయిపోయిందండీ" అన్నాను. "సర్క్యులర్ మాకు శనివారం వచ్చింది బాబూ, నిన్న ఆదివారం" అన్నాడాయన. జేబులోంచి రుసుం డబ్బులు తీసి బల్ల మీద పెట్టాడు. నేను వెనక్కి జరిపాను. నా పక్కన కూర్చున్న పెద్ద పీడీ గారు నా చెవిలో "పోనీలేవోయ్, ఒక బై తీసేసి కలిపెయ్యి" అన్నారు. ఫిక్చర్లో నిజంగానే బై ఉంది, అంటే ఒక జట్టుకి ఎదుటి జట్టు లేక ఆడకుండానే తర్వాతి రౌండుకి వెళ్ళే ఖాళీ. ఒక గీత కొట్టి ఒక పేరు రాస్తే సరిపోయేది. నేను రాయలేదు. మీకిస్తే రేపు అందరూ అడుగుతారన్నాను. ఎవరూ అడిగేవాళ్ళు కాదు. ఆ జోన్‌లో మిగిలిన స్కూళ్ళన్నీ అప్పటికే వచ్చేశాయి.

వాళ్ళు వెంటనే వెళ్ళిపోలేదు. సైకిల్ స్టాండు పక్కన కూర్చుని మ్యాచులు చూశారు. మధ్యాహ్నం భోజనాల వేళ కోర్టు ఖాళీగా ఉన్నప్పుడు ఒక పిల్ల నా దగ్గరికొచ్చి "సార్, పోల్ ఒక్కసారి ముట్టుకోవచ్చా?" అంది. వాళ్ళు ప్రాక్టీసు చేసింది రెండు కొబ్బరి చెట్ల మధ్య. నున్నగా చిత్రిక పట్టిన కర్ర స్తంభం వాళ్ళు ఎప్పుడూ చూడలేదు. సరేనన్నాను. ఆ పిల్ల వెళ్ళి అరచెయ్యి పెట్టి చుట్టూ ఒకసారి తిరిగింది. తర్వాత నాలుగడుగులు వెనక్కి వెళ్ళి, పరిగెత్తుకొచ్చి, చేత్తో పోల్ పట్టుకుని ఒక్క తిప్పు తిరిగింది. అమ్మడూ, ఆ తిప్పు ఆ రోజు ఆడిన ఏ జట్టులోనూ లేదు. నేను చూశాను. చూసి కూడా అన్నం తినడానికి వెళ్ళిపోయాను.

సాయంత్రానికి గాలీ వానా మొదలయ్యాయి. వాళ్ళు రేవుకి చేరేసరికి నావ కట్టేశారు. రాత్రంతా ఆ పిల్లలు రేవు దగ్గర తాటాకు పాకలో తడిసిన బట్టలతో కూర్చున్నారు. అవతలి గట్టు మీద తల్లిదండ్రులు లాంతర్లు పట్టుకుని నిలబడ్డారట. నాకు రెండు రోజుల తర్వాత తెలిసింది. అందరూ క్షేమంగానే ఇళ్ళకి చేరారు. కానీ ఆ లాంతర్లు నేను చూడకపోయినా ఇప్పటికీ నాకు కనబడుతూనే ఉంటాయి.

ఆ స్కూలు మరి ఆరేళ్ళు గ్రిగ్స్‌కి రాలేదు. ఊళ్ళో పెద్దలు పిల్లల్ని పంపేది లేదన్నారు. 1994లో నేనే నావెక్కి వెళ్ళాను, ఎంట్రీ ఫారం చేతిలో పెట్టుకుని. ఆ తెలుగు మాస్టారు బదిలీ అయిపోయారు. ఆ పన్నెండు మందీ ఎప్పుడో టెన్త్ దాటేశారు, సగం మందికి పెళ్ళిళ్ళయిపోయాయి. ఆ పోల్ పట్టుకున్న పిల్ల గురించి అడగాలనుకున్నాను. పేరు తెలీదు, ఏమని అడగను?

అందుకని నువ్వు చేయాల్సిన మొదటి పని ఫిక్చర్లు కాదు. మండల విద్యాధికారి (ఎమ్ఈఓ) ఆఫీసుకెళ్ళి జోన్‌లో ఉన్న హైస్కూళ్ళ జాబితా మొత్తం తెచ్చుకో. జడ్పీ, మునిసిపల్, ఎయిడెడ్, ప్రైవేటు, గురుకులం, కస్తూర్బా, అన్నీ. దాని పక్కన కిందటేడు ఆడిన స్కూళ్ళ లిస్టు పెట్టు. రెండోదాంట్లో లేని పేర్లకి వాట్సాప్ మెసేజ్ పెట్టి ఊరుకోకు, హెడ్‌మాస్టరుకి ఫోన్ చెయ్యి. పీఈటీ లేని స్కూలైతే ఆటలంటే ఇష్టమున్న టీచరెవరో కనుక్కో, ఉంటారు. గడువు పెట్టు, తప్పకుండా పెట్టు. కానీ ఫిక్చర్లో రెండు ఖాళీలు ఉంచుకో, అవి ఎవరికోసమో ఎవరికీ చెప్పకు.

2022లో కోనసీమ వేరే జిల్లా అయ్యాక సరిహద్దులు మళ్ళీ కదిలాయి కదా. ఎవరు ఎక్కడికి సెలెక్షన్స్‌కి వెళ్ళాలో తెలియని స్కూలు ఇప్పటికీ ఉండొచ్చు. మేము కాకినాడ వెళ్ళాలంటే ముక్తేశ్వరం రేవులో పంటెక్కి కోటిపల్లిలో దిగేవాళ్ళం, జట్టు మొత్తం సంచులతో. నీకు వంతెనలున్నాయి. అయినా ఇప్పటికీ నావ మీద వచ్చే లంక ఊళ్ళు ఉన్నాయని మర్చిపోకు. నీకు ఇది ముసలాడి భయంలా అనిపిస్తుంది, అనిపించనీ. లంక స్కూళ్ళ మ్యాచులన్నీ పొద్దున్నే పెట్టెయ్యి. వాళ్ళు ఫైనల్‌కి వస్తే ఫైనల్ మర్నాటికి మార్చు, కప్పు ఇచ్చే పెద్దమనిషి ఆగుతాడు. మూడున్నరకల్లా వాళ్ళు గేటు దాటాలి. ఆడపిల్లలతో ఒక టీచరమ్మ ఉండకపోతే మీ స్కూలు నుంచే ఒకరిని పంపు. ఆకాశం మబ్బేస్తే ఎవరినీ కదలనివ్వకు, మీ క్లాసు రూముల్లో పడుకోబెట్టి ఇళ్ళకి ఫోన్ చేయించు.

నువ్వేమో ఆ మూడు రోజులూ టీ తాగి గడిపేస్తావు, నాకు తెలుసు. అత్తయ్య పులిహోర కట్టి పంపుతానంటోంది. మొదటిరోజు ఉదయం ఏడింటికే వస్తాను. నాకు స్టేజీ మీద కుర్చీ వెయ్యకు, ఎంట్రీ బల్ల పక్కన వెయ్యి.

ఈలోగా లంక స్కూళ్ళు ఎన్నో లెక్క తేలగానే, రేవు దగ్గర ఎవరిని నిలబెడుతున్నావో రాత్రయినా సరే ఫోన్ చేసి చెప్పు. పడుకోను.

ఇట్లు,
మీ మావయ్య