వాన రానిదే కప్ప అరవదు

"రానిడే అంటే అర్థం ఏమిటి? కప్పల గురించి రాసేటప్పుడు ఆ మాటను ఎలా వాడాలి?" అని ఎవరో అడిగారు. జంతువుల వర్గీకరణలో అది ఒక కప్పల కుటుంబం పేరు. ఇంటరో డిగ్రీయో చదివే పిల్లలై ఉంటారు. నేను జువాలజీ లెక్చరర్ని కాను. బీజడ్‌సీ (బోటనీ, జువాలజీ, కెమిస్ట్రీ) చదివి, ముప్పై ఆరేళ్లు బ్యాంకులో డీడీలు రాసి, లోన్లు వసూలు చేసి రిటైరైన మనిషిని. కానీ ఈ ఒక్క మాట గురించి నాకంటే బాగా చెప్పేవాళ్లు విశాఖపట్నంలో లేరని నా నమ్మకం. ఎందుకంటే ఈ మాట ఒకసారి పదిమందిలో నా పరువు తీసింది.

1985 మార్చి. డిగ్రీ ఆఖరి సంవత్సరం ప్రాక్టికల్స్. మా ల్యాబ్ కిటికీలు సముద్రం వైపు ఉండేవి. గాలి వచ్చిందంటే ఫార్మలిన్ వాసన మొత్తం మొహానికి కొట్టేది. కప్పల్ని పెందుర్తి వైపు చెరువుల నుంచి ఒకతను గోనెసంచిలో తెచ్చేవాడు. మా ల్యాబ్ అటెండరు సంచి మూతి కాస్త విప్పి, ఒక్కో కప్పనూ లెక్కపెట్టి బక్కెట్లో వేసి, పైన పళ్లెం మూసేవాడు. ఏడు అనేసరికి మూడోది బయటికి దూకేది. దాన్ని పట్టుకునేలోపు ఇంకో రెండు. కప్పల తక్కెడ అని ఊరికే అనలేదని నాకు ఆ బక్కెట్ దగ్గరే తెలిసింది.

ఆ అటెండరుకి చదువు పెద్దగా లేదు కానీ ఇరవై ఏళ్లుగా లెక్చరర్లు చెప్పేది వినీ వినీ సగం జువాలజీ నోటికొచ్చు. పరీక్షకి ముందురోజు నేను వర్గీకరణ బట్టీ పడుతూ కుటుంబం దగ్గర ఆగిపోయాను. ఆయన చీపురు పక్కన పెట్టి నా దగ్గరికొచ్చాడు.

"ఏటి బాబూ, అదీ రాదేటి? వాన రానిదే కప్ప అరుస్తాదేటి? రానిదే, రానిడే. అంతే! కుక్కలకేటో తెలుసా? కానిడే. పని కానిదే కుక్క తోక ఊపదు. ఇంకెలాగ మర్చిపోతావు?"

నిజమే, మర్చిపోలేదు. అసలు సమస్య అక్కడే వచ్చింది.

మర్నాడు నాకు పడింది కప్ప ధమనీ వ్యవస్థ. మైనపు ట్రేలో కప్పను వెల్లకిలా పెట్టి, కాళ్లకు గుండుసూదులు గుచ్చి, పొట్ట తెరిచి, ధమనుల కింద సన్నగా కత్తిరించిన నల్లకాగితం ముక్కలు దూర్చాను, తెల్లటి గొట్టాలు స్పష్టంగా కనపడాలని. మూడు గదుల గుండె ఇంకా కొట్టుకుంటూనే ఉంది. దాన్ని చూస్తే నా గుండె దానికంటే గట్టిగా కొట్టుకుంటోంది. పక్క ట్రే అమ్మాయి చేతిలో ఒక రక్తనాళం తెగి ట్రే అంతా ఎర్రనీళ్లయిపోతే, ఆ అమ్మాయి ఏడుపు ఆపుకోవడం చూసి నాకు ఇంకా టెన్షన్.

వేరే ఊరి నుంచి వచ్చిన ఎక్స్‌టర్నల్ సార్ నా దగ్గర ఆగారు. ముక్కు మీద కళ్లజోడు, చేతిలో ఫోర్సెప్స్.

"శాస్త్రీయ నామం?"

"రానా టిగ్రినా సార్."

"క్రమం?"

"అనురా సార్. తోక లేనివి అని అర్థం."

అడగని అర్థం కూడా చెప్పేశానని లోపల ఒక చిన్న పొంగు. అది ముంచింది.

"కుటుంబం?"

ఖాళీ. బుర్రలో ఏమీ లేదు. బక్కెట్ పక్కన నిలబడ్డ అటెండరు కనిపించాడు. ఆయన పెదాలు కదుపుతున్నాడు. అంతే, నా నోట్లోంచి మొత్తం వాక్యం ఊడిపడింది: "వాన రానిదే కప్ప అరవదు సార్."

ల్యాబ్ అంతా ఒక్క క్షణం నిశ్శబ్దం. తర్వాత నవ్వులు. ఏడుస్తున్న ఆ అమ్మాయి కూడా నవ్వింది. సార్ నవ్వలేదు. కళ్లజోడు తీసి తుడుచుకుని, "వాన సంగతి సరే, ఆ మాటకి అర్థం చెప్పు" అన్నారు. నేను తెల్లమొహం వేశాను. అప్పుడు ఆయన చెప్పిందే ఈ ప్రశ్నకు అసలు జవాబు. ఇంతకంటే బాగా నేనిప్పటికీ ఎక్కడా చదవలేదు.

"మహాభారతం తెలుసు కదా? పాండు రాజు కొడుకుల్ని ఏమంటారు?"

"పాండవులు సార్."

"కురు వంశం వాళ్లని?"

"కౌరవులు."

"ఇదీ అంతే. రానా అంటే లాటిన్‌లో కప్ప. ఇడే అనేది గ్రీకు నుంచి వచ్చిన తోక, ఫలానా వాడి సంతతి అని చెప్పడానికి. రానా వంశం వాళ్లు రానిడే. జంతువుల్లో ఏ కుటుంబం పేరైనా ఇడే అనే ముగుస్తుంది. అది బహువచనం. కాబట్టి ఈ ఒక్క కప్పని పట్టుకుని ఇది రానిడే అనకు. భీముణ్ణి చూపించి ఇతను పాండవులు అంటావా?"

"అనను సార్."

"రానిడే కుటుంబానికి చెందినది అను. లేదా రానిడ్ అను."

అడిగినవారికి వాడుక కూడా ఇక్కడే తేలిపోయింది. తెలుగులో రాస్తే "రానిడే కుటుంబపు కప్ప" అనడమే శుభ్రం. ఇంగ్లీషులో రాయాల్సి వస్తే రానిడేకి మొదటి అక్షరం పెద్దది, కానీ వాలు అక్షరాలు వద్దు. వాలు అక్షరాలు ప్రజాతికీ (రానా లాంటిది) జాతికీ (టిగ్రినా లాంటిది) మాత్రమే. రానిడ్ అని మామూలు నామవాచకంగా వాడితే చిన్న అక్షరమే. ఉపకుటుంబమైతే తోక మారి రానినే అవుతుంది. మొక్కల్లో ఇడే ఉండదు, మాల్వేసీ, సోలనేసీ అంటూ ఏసీ వస్తుంది. బీజడ్‌సీ పిల్లలు ఏసీలని జువాలజీ పేపర్లో, ఇడేలని బోటనీ పేపర్లో రాసేస్తుంటారు. నేనూ రాశాను.

సార్ వెళ్తూ వెళ్తూ ఫోర్సెప్స్‌తో ఆ కప్ప నోరు తెరిచి నాలుకని బయటికి లాగారు. మన నాలుక వెనక అతుక్కుని ముందు ఆడుతుంది కదా, కప్పకి తిరగేసి ఉంటుంది. ముందు అతుక్కుని, వెనక చివర వదులుగా ఉంటుంది. ఆ చివర రెండుగా చీలి ఉంది. "దీన్ని కూడా రికార్డులో గీయి" అన్నారు. గీశాను. పాసయ్యాను. ఎన్ని మార్కులో అడక్కండి.

ఇక అసలు బాధ ఇప్పుడు చెప్తాను. నా పరువు తీసిన ఆ జవాబు, సరిదిద్దిన తర్వాత కూడా, ఇవాళ్టి లెక్కలో తప్పు. మా మేనకోడలు జువాలజీలో ఎమ్మెస్సీ చేసింది. ఒక పండక్కి అందరం కూర్చున్నప్పుడు నేను ఈ కథ నూటొకటోసారి చెప్తుంటే మధ్యలో అడ్డుకుంది.

"మావయ్యా, మీరు కోసింది ఇప్పుడు రానానే కాదు. హోప్లోబాట్రాకస్ టైగెరినస్. కుటుంబం కూడా రానిడే కాదు, డైక్రోగ్లాసిడే."

నాకు కోపం వచ్చింది. వాన, కప్ప, అటెండరు అన్నీ ఒక్క దెబ్బకి కొట్టుకుపోయాయి. ఎప్పుడు మార్చారని అడిగితే విడతలు విడతలుగా మారిందనీ, 2006లో ప్రపంచంలోని ఉభయచరాల వంశవృక్షం మొత్తం జన్యువులతో తిరగరాసిన పెద్ద పరిశోధన ఒకటి వచ్చాక ఈ విభజన గట్టిపడిందనీ చెప్పింది. అంతకుముందు రానిడే అంటే ఉమ్మడి కుటుంబం. ఎవరి కప్ప ఎవరిదో తెలియకపోతే తెచ్చి అందులో వేసేవారు. ఆస్తి పంపకాలయ్యాక మన చెరువుల్లో కనిపించే బోదురు కప్పా, నీటి మీద రాయి విసిరినట్టు టపటపా గెంతుకుంటూ పోయే చిన్న కప్పా డైక్రోగ్లాసిడే వాటాకి వెళ్లాయి. ఆ టిగ్రినా కూడా తప్పేనట. 1802లో ఫ్రెంచివాడైన డోడాన్ పెట్టిన పేరు టైగెరినా. మధ్యలో ఎవరో ఇంగ్లీషు "e" అక్షరం తినేశారు, మేమంతా దాన్నే బట్టీ పట్టాం.

డైక్రోగ్లాసిడే అంటే ఏంటో అడిగితే, "చీలిన నాలుక, మావయ్యా" అంది.

నేను లేచి వెళ్లి అటక మీద పెట్టె దింపాను. మా ఆవిడ పండగపూట ఆ దుమ్మేమిటని కేకలేసింది. రికార్డు దొరికింది, చెదలు ఒక మూల తినేసింది. అందులో నేను గీసిన నాలుక, చివర రెండు పాయలు. మా మేనకోడలికి చూపించి, "చూశావా, మీ వాళ్లు 2006లో కనిపెట్టింది నేను 1985లో గీశాను" అన్నాను. అది ఒప్పుకోలేదు. రానా కప్పలకీ నాలుక చీలే ఉంటుందట, నాలుక చూసి కుటుంబం చెప్పలేమట. డైక్రోగ్లాసస్ అని 1860లో ఒక ప్రజాతికి పేరు పెట్టారు, దాని మీదుగా కుటుంబానికి ఈ పేరు వచ్చింది. తర్వాత ఆ ప్రజాతిని వేరే ప్రజాతిలో కలిపేశారు. అంటే ఆ ప్రజాతి పేరు ఇప్పుడు వాడుకలో లేదు, కుటుంబం పేరు మాత్రం నిలిచింది. ప్రాజెక్టు కింద మునిగిపోయిన ఊరి పేరు ఇంకా ఇంటిపేరుగా మోసేవాళ్లు మనలో లేరా? అలాగన్నమాట. కాబట్టి అడిగినవారు ఇది కూడా రాసుకోండి: కుటుంబం పేరుని విడగొట్టి అర్థం చూసుకుని, ఆ కుటుంబంలో అన్నీ అలాగే ఉంటాయనుకోకండి. పేరు అర్థాన్ని బట్టి కాదు, ఏ ప్రజాతి పేరు మీదుగా వచ్చిందో దాన్ని బట్టి నిలుస్తుంది.

ఇంకో గోల. ఇదంతా జరిగి ఇన్నేళ్లయినా, ఆ మధ్య పక్కింటి కుర్రాడు తెచ్చుకున్న గైడులో రానా టిగ్రినా, రానిడే అనే ఉంది. ఫొటో మాత్రం అమెరికా కప్పది! పిల్లలు చెరువుగట్టు మీద చూసే కప్పకీ పుస్తకంలో కప్పకీ సంబంధం లేకపోతే ఈ లాటినంతా ఎందుకు? మాకు కనీసం బక్కెట్లోంచి దూకిన కప్ప తెలుసు. ఇప్పుడు డిగ్రీల్లో కప్పల్ని కోయడాలు లేవు, యూజీసీ ఆపించింది, అది మంచి పనే. ఆ గుండె కొట్టుకోవడం నాకు ఇప్పటికీ గుర్తొస్తుంటుంది. మన దేశం నుంచి కప్పకాళ్ల ఎగుమతి కూడా 1987లో నిషేధించారు. అన్ని రకాలుగా కాపాడారు, సరే. మరి కప్పలేవి?

ఎంవీపీ కాలనీలో మేం ఇల్లు కట్టుకున్న కొత్తలో, జూన్‌లో మొదటి గట్టి వాన పడిందంటే వెనక ఖాళీ స్థలంలో నీళ్లు నిలిచి రాత్రంతా ఒకటే బెకబెక. పొద్దున్నే వెళ్లి చూస్తే బోదురు కప్పల్లో మగవి పసుపు రంగు తిరిగి ఉండేవి. నలుగు పెట్టించుకున్న పెళ్లికొడుకుల్లా, గొంతు కింద రెండు నీలం బుడగలు ఉబ్బించుకుని. మా పిల్లలు చిన్నప్పుడు వాటికి పేర్లు కూడా పెట్టారు. తర్వాత ఆ స్థలం పూడ్చి అపార్ట్‌మెంట్ లేపారు. పక్కన ఉన్న గెడ్డకి (వాగుకి) రెండువైపులా సిమెంటు గోడలు కట్టారు. ఇప్పుడు అందులో ఉన్నది మురుగు, ప్లాస్టిక్. దోమలు పెరిగింది అందుకే అని నేను ఎవరితోనైనా వాదిస్తాను. లెక్కలు చూపించమంటే లేవు, నా కాళ్ల మీద కుట్టిన మచ్చలున్నాయి.

మిగిలింది ఒక్కటే. మా స్నానాల గదిలో అద్దం వెనక ఉంటుంది, సన్నటి నడుము, వేళ్ల చివర గుండ్రటి మెత్తలు, గోధుమరంగు ఒళ్లు. చెట్టు కప్ప. ఇంగ్లీషులో మన సున్నం మాటతోనే దీన్ని చునామ్ ఫ్రాగ్ అంటారు. నీటి మీదికి వంగిన కొమ్మకి సబ్బు నురగలాంటి గూడు కట్టి అందులో గుడ్లు పెట్టే రకం, తోకకప్పలు కింద నీళ్లలోకి జారిపడతాయి. మా ఇంట్లో కింద టైల్సే ఉన్నాయి కాబట్టి పాపం అది సంసారం ఎక్కడ పెడుతుందో తెలియదు. వేసవిలో ఏ పగులులోంచో వస్తుంది, గీజర్ పైపు పట్టుకుని వేలాడుతుంది.

మొన్న మా ఆవిడ లోపలి నుంచి కేక పెట్టింది. నేను తలుపు దగ్గర నిలబడి, భయపడొద్దనీ, ఇది రానిడేనూ కాదు, డైక్రోగ్లాసిడేనూ కాదు, రాకోఫోరిడే అనీ, గ్రీకులో చింకిపాత మోసేది అని అర్థమనీ వివరించాను.

"ఏ డే అయితే నాకేంటండీ, ముందు బయటికి పంపండి" అంది.

చీపురూ ప్లాస్టిక్ మగ్గూ పట్టుకుని లోపలికి వెళ్లాను. మగ్గు దగ్గరికి తెచ్చేలోపు అది గోడ మీంచి ఒక్క గెంతు గెంతి నా భుజం మీద కూర్చుంది.