సీను కన్నా ముందు ఓట్ల లెక్క

ప్రశ్న: అమెరికాలో బానిసత్వాన్ని రద్దు చేసిన 13వ సవరణ మీద ప్రతినిధుల సభలో జరిగిన చర్చను లఘుచిత్రంగా రాస్తున్నాను. పద్నాలుగు పేజీలూ ప్రసంగాలే. ఎక్కడ కొయ్యాలి?
– ఒక పాఠకురాలు, గుంటూరు

జవాబు: కోసే ముందు లెక్క చూసుకోండి. 1864 జూన్ 15న ఈ సవరణ 93–65తో వీగిపోయింది. మూడింట రెండు వంతులకు 13 ఓట్లు తగ్గాయి. 1865 జనవరి 31న 119–56తో గట్టెక్కింది. పడిన ఓట్లు 175, కావలసినవి 117, మిగులు రెండే! ఓటెయ్యని ఎనిమిది మందీ వచ్చి ‘వద్దు’ అని ఉంటే 122 కావలసి వచ్చేది, సవరణ మళ్లీ పడిపోయేది. అందుకే ఖాళీ కుర్చీలను తప్పకుండా చూపండి. ఎన్ని ఓట్లు కావాలో మొదటి పేజీలోనే ఎవరో ఒకరు పైకి అనాలి. అది తెలియని ప్రేక్షకుడికి ఏ ఓటైనా ఒకటే.

పేజీకి నిమిషం చొప్పున చర్చకు నాలుగు పేజీలు, ఓటింగుకు మూడు చాలు. అటొకరు, ఇటొకరు మాట్లాడితే సరిపోతుంది. వ్యతిరేకించేవాణ్ణి ఊరికే అరిచే దుర్మార్గుడిగా రాయకండి. ఒహాయో సభ్యుడు జార్జ్ పెండిల్టన్ వాదన చట్టపరమైనది: రాజ్యాంగాన్ని సవరించే అధికారం బానిసత్వాన్ని రద్దు చేసేదాకా పోదని. దాన్ని పూర్తి బలంతో చెప్పించండి, అప్పుడే జవాబు పదునెక్కుతుంది. సభ్యులు మాట్లాడేది స్పీకరుతో కాబట్టి మన ‘అధ్యక్షా’ ఇక్కడ చక్కగా అతుకుతుంది. ఇద్దరి చూపూ స్పీకరు కుర్చీ వైపే ఉంచి, ఒక్కచోట మాత్రం ఎదుటివాడి మీదికి తిప్పండి.

ప్రశ్న: ఉత్కంఠ కోసం ఎవరి ఓటైనా మార్చవచ్చా?
– ఒక పాఠకుడు, వరంగల్

జవాబు: వద్దు. 2012 నాటి ‘లింకన్’ చిత్రంలో కనెక్టికట్ సభ్యులిద్దరు ‘వద్దు’ అన్నట్టు కల్పిత పేర్లతో చూపారు. నిజానికి ఆ రాష్ట్రం నలుగురూ ‘అవును’ అన్నవాళ్లే. 2013లో ఆ రాష్ట్ర ప్రతినిధి ఒకరు అభ్యంతరం చెబితే, రచయిత మార్పును ఒప్పుకున్నాడు. పేర్లు పిలిచింది కూడా రాష్ట్రాలవారీగా కాదు, ఇంటిపేర్ల అక్షరక్రమంలో.

మార్చడంవల్ల పోయింది నిజం ఒక్కటే కాదు, మంచి సీను కూడా. ఆ నలుగురిలో జేమ్స్ ఇంగ్లిష్ డెమోక్రాట్. ఆయన ‘అవును’ అనగానే చప్పట్లు మోగాయి. అన్ని పేర్లూ చదివించకండి. మొదటి నాలుగైదు పేర్లు వడివడిగా పోనిచ్చి, ‘ఇంగ్లిష్’ అన్నాక రెండు సెకన్లు నిశ్శబ్దం ఉంచండి. కాగితం మీద గీత పెట్టబోయిన పెన్సిలు ఆగాలి. అక్కణ్ణుంచి నేరుగా చివరికి రండి: స్పీకర్ స్కైలర్ కోల్‌ఫాక్స్ తన పేరూ పిలవమన్నాడు. ఆ క్షణంలో కెమెరా క్లర్కు ముఖం మీదే ఉండాలి.